బొంగురు కుమారి

వేటపాలెం చర్చి పాటల బృందంలో సంతోషకుమారిని ఎప్పుడూ వెనక వరసలో, తలుపు పక్కన నిలబెట్టేవారు. ఆ పిల్ల నోరు తెరిస్తే మిగిలిన ఆడపిల్లల గొంతులు వినపడవని పాస్టరుగారి భార్య ప్రేమమ్మగారి ఫిర్యాదు. పైగా ఆ గొంతులో ఏదో గరుకుతనం ఉండేది. ఆడగొంతు అనడానికి లేదు, మగగొంతు అనడానికీ లేదు. చిన్నతనంలో జబ్బు చేసి అలా అయిందని తల్లి ఎలీసమ్మ అందరికీ చెప్పుకునేది. నిజానికి ఏ జబ్బూ చెయ్యలేదు. పుట్టి ఏడ్చినప్పటినుంచీ అదే గొంతు.

ఎలీసమ్మ జీడిపప్పు ఫ్యాక్టరీలో పిక్కలు కొట్టేది. జీడిరసం తగిలి ఆమె వేళ్ళ చర్మం ఎప్పుడూ ఊడిపోతూ ఉండేది. భర్త పోయాక ఆమెకున్న ఆశ ఒక్కటే, కూతురు టీచరు కావాలి. అందుకని గుంటూరు హాస్టల్లో పెట్టి చదివించింది. 1981 క్రిస్మస్ ముందు ఆ హాస్టలు పిల్లలు టౌనులో ఒక కార్యక్రమం చేశారు. అక్కడ కూడా సంతోషకుమారిది వెనక వరసే. పాట అయిపోయాక, మైకుసెట్టు తెచ్చిన గౌస్ బాషా స్టేజీ వెనక్కి వచ్చి, "ఆ కింది గొంతు ఎవరిదమ్మా?" అని అడిగాడు.

పిల్లలు నవ్వుతూ ఆమెను ముందుకి తోశారు. తిడతాడేమోనని ఆమె తల వంచుకుంది.

బాషా పగలు మిరపకాయల యార్డులో గుమాస్తా. సాయంత్రాలు గిటారు వాయించేవాడు. అతనికి 'గోల్డెన్ వింగ్స్' అని ఒక ఆర్కెస్ట్రా ఉండేది. మిరపకాయల గోడౌను మీద గదిలో ప్రాక్టీసు. కింద బస్తాలు కదిలించినప్పుడల్లా ఘాటు పైకి కొట్టి, పాడేవాళ్ళు పాట మధ్యలో దగ్గేవారు. అతను రమ్మన్నాక మొదటిరోజు సంతోషకుమారి స్నేహితురాల్ని తోడు తెచ్చుకుని ఆ గది గుమ్మంలో నిలబడితే, బాషా పాడమనలేదు. కువైట్‌లో ఉన్న బావమరిది పంపిన టేప్‌రికార్డరులో ఒక క్యాసెట్టు పెట్టి, "ముందు ఇది విను" అన్నాడు.

అందులో పాడినవాడి పేరు నెడ్ హార్విక్. ఇంగ్లండులో ఓడలు కట్టే ఏదో ఊరివాడు. ఆమెకు మాటలు సగం కూడా అర్థం కాలేదు. కానీ ఆ మనిషి గొంతు గోనెపట్ట చింపుతున్నట్టు ఉంది. తియ్యగా పాడాలన్న ఆలోచనే లేనట్టు, ఎవరో పీకమీద కాలు పెట్టి తొక్కుతుంటే కింద నుంచి అరుస్తున్నట్టు పాడాడు. పాట అయిపోయేసరికి ఆమె కళ్ళవెంట నీళ్ళు కారుతున్నాయి. మిరప ఘాటు అని చెప్పి తుడుచుకుంది.

"ఇట్లా పాడితే తిట్టరా?" అని అడిగింది.

"తిడతారు. తిట్టినాక మళ్ళీ పాడమంటారు" అన్నాడు బాషా. "నీ గొంతు చెడిపోలేదమ్మాయ్. దానికి సరిపోయే పాట నీకెవురూ ఇయ్యలేదు, అంతే."

డ్రమ్ముల దగ్గర ఇంకో మనిషి కూర్చుని ఉన్నాడు. పేరు అంకారావు. పర్చూరు దగ్గర పల్లెటూరివాడు. సేద్యం ఇష్టం లేక గుంటూరు వచ్చి, లారీ ఆఫీసులో పనిచేస్తూ ఆర్కెస్ట్రాలో డ్రమ్ములు కొట్టేవాడు. ఆమె భయం చూసి, "నువ్వు తాళం గురించి ఆలోచించొద్దు చెల్లెమ్మా. నువ్వు ఎక్కడ ఆగితే నేనూ అక్కడే ఆగుతా" అన్నాడు.

చివరిదాకా అతను ఆ మాట తప్పలేదు.

మొదట ఆమె హార్విక్ పాటలు రెండు నేర్చుకుంది. ఇంగ్లీషు మాటల్ని తెలుగు అక్షరాల్లో రాసుకుని, అర్థాలు బాషాని అడిగి తెలుసుకుంది. ఒక పాటలో ఓడ కట్టేచోట పని పోయినవాడు ఇంటికి వెళ్ళడానికి మొహం చెల్లక నది ఒడ్డునే తిరుగుతుంటాడు. ఫ్యాక్టరీ మూసేసిన రోజుల్లో తల్లి ఇంటి చూరుకింద ఊరికే కూర్చుని ఉండటం సంతోషకుమారి చూసింది. ఆ పాట ఆమెకు వేరే దేశం పాటలా అనిపించలేదు.

ఒక ఇంజనీరింగు కాలేజీ వార్షికోత్సవంలో ఆ పాట మొదటిసారి పాడింది. లంగా ఓణీలో బక్కపల్చని పిల్ల మైకు ముందుకి రాగానే కుర్రాళ్ళు ఈలలు వేశారు. ఆమె మొదటి వరస అందుకునేసరికి కొందరు నవ్వారు. రెండో చరణానికి ఎవరూ నవ్వలేదు. పాట అయ్యాక వాళ్ళు బెంచీలెక్కి, మళ్ళీ పాడితేగాని కదలనివ్వం అన్నారు. ఆమె వెనక్కి తిరిగి అంకారావు వైపు చూసింది. అతను అప్పటికే కర్రలు ఎత్తి సిద్ధంగా ఉన్నాడు.

ఆ తర్వాత నాలుగేళ్ళు గుంటూరు జిల్లాలో, ప్రకాశం జిల్లాలో ఆమె పాడని కాలేజీ లేదు. పెళ్ళిళ్ళలో సినిమా పాటలు వేరే అమ్మాయిలు పాడేవారు. ఆఖర్న సంతోషకుమారి లేచేది. తెలుగు పాటలు కూడా తన పద్ధతిలో, కింది శ్రుతిలో పాడేది. జనం ఆమెకు బొంగురు కుమారి అని పేరు పెట్టారు. మొదట్లో ఆ పేరు వింటే ఏడుపొచ్చేది. తర్వాత గోడల మీద పోస్టర్లలో అదే పేరు వేయించాడు బాషా.

కానీ వేటపాలెంలో తల్లి ఆమెతో మాట మానేసింది. టీచరు చదువు సగంలో ఆగిపోయింది. ప్రేమమ్మగారు, "దేవుడిచ్చిన గొంతుని ఎక్కడెక్కడో వాడుతున్నావు" అని, సెలవులకి వచ్చినప్పుడు పాటల బృందంలోకి రావద్దని చెప్పింది. వెనక వరస కూడా పోయింది. ఆరోజు సంతోషకుమారి చర్చి బయట చెప్పులు వెతుక్కుంటూ చాలాసేపు నిలబడింది. లోపల వాళ్ళు పాడుతున్నారు. ఆ పాటలో తన కింది స్వరం లేకపోవడం ఆమెకు స్పష్టంగా తెలిసింది.

1985లో బెజవాడ నుంచి ఒక క్యాసెట్ల కంపెనీ మనిషి వచ్చాడు. ఆమె ఒక్కదాని పేరుతో క్యాసెట్టు తెస్తామన్నాడు. ఆర్కెస్ట్రా అక్కర్లేదని, వాయించేవాళ్ళు తమకే ఉన్నారని, కాకపోతే ఇక వేరే బృందంతో పాడకూడదని చెప్పాడు. ఆ మాట ఆమె గోడౌను గదిలో చెప్పినప్పుడు బాషా గిటారు తీగ బిగిస్తున్నవాడు ఆపేశాడు.

"హార్విక్ సంగతి నీకు చెప్పలేదు కదూ" అన్నాడు. "మొదట ఊళ్ళో స్నేహితులతో ఒక బ్యాండు. అది నిలవలా. రెండో బ్యాండుతో పేరొచ్చింది. ఎనిమిదేళ్ళు ఒక్క గిన్నెలో తిన్నారంట. అప్పుడు ఎవడో వచ్చి, నీ గొంతుకే జనం వస్తున్నారు, వీళ్ళెందుకు నీకు అన్నాడు. వెళ్ళాడు. ఒంటరిగా వేసిన మొదటి రికార్డు ఆడింది. తర్వాతది ఆడలా. ఇప్పుడు హోటళ్ళలో, జనం అన్నాలు తింటుంటే పాడుతున్నాడంట. మద్రాసు పత్రికలో చదివా."

"నేను హోటల్లో పాడటానికి పోవట్లేదన్నా."

"ఆయనా అట్టా అనుకుని పోలేదు."

"ఎన్నాళ్ళు పాడతాం ఇట్టా? మా అమ్మ వేళ్ళు చూశావా నువ్వు?" అంది ఆమె. "నా పేరుతో ఒకటి వస్తే, అది తీసుకెళ్ళి అమ్మ చేతిలో పెడతా. టీచరునైతే కాలేదు. ఇదన్నా అయ్యానని చెప్పుకుంటా."

బాషా ఇంకా ఏదో అనబోయాడు. అంకారావు అడ్డుపడ్డాడు. "వెళ్ళనీ అన్నా. పట్టుకుంటే పాడుద్దా మనిషి?"

ఆమె మెట్లు దిగుతుంటే వెనకే వచ్చి, రిక్షా ఎక్కేదాకా ఉండి, "అక్కడ కొట్టేవాడు కొత్తోడు. నువ్వు ఆగినా వాడు ఆగడు. చూసుకుని పాడు" అని చెప్పాడు.

అతను చెప్పినట్టే అయింది. కంపెనీ వాళ్ళకి బొంగురు కుమారి పేరు కావాలి కానీ బొంగురు అక్కర్లేదు. ఇళ్ళలో ఆడవాళ్ళు వినే క్యాసెట్టు కాబట్టి శ్రుతి పెంచి తియ్యగా పాడమన్నారు. ఆమె గొంతు ఆ ఎత్తుకి అందదు. అందుకోమన్నారు. పొద్దున్నించి సాయంత్రందాకా అదే పాట మళ్ళీ మళ్ళీ పాడించారు. స్టూడియో నుంచి బయటికి వచ్చేసరికి మంచినీళ్ళు మింగినా నొప్పి పుట్టేది. క్యాసెట్టు వచ్చింది. అందులో పాడుతున్నది ఎవరో ఆమెకే తెలియలేదు. జనానికీ తెలియలేదు, కొనలేదు.

రెండో క్యాసెట్టు మాట కంపెనీ వాళ్ళు ఎత్తలేదు. వెనక్కి వెళ్ళడానికి ఆమెకు మొహం చెల్లలేదు. అప్పటికి వెనక్కి వెళ్ళేచోటు కూడా మిగల్లేదు. ఆమె లేకుండా గోల్డెన్ వింగ్స్‌ని కాలేజీలు పిలవడం మానేశాయి. గోడౌను గదిలో మిరపకాయల బస్తాలు పెట్టారు. అంకారావు పెళ్ళి చేసుకుని, ఊరెళ్ళి, కౌలుకి పొలం తీసుకుని పత్తి వేశాడని విన్నది. సేద్యం ఇష్టం లేక ఊరు వదిలినవాడు పత్తి వేశాడన్న మాట ఆమెను చాలా రోజులు వదల్లేదు.

దొరికిన వాయిద్యగాళ్ళని పోగుచేసుకుని ఆమె ఒక్కతే ప్రోగ్రాములు చేసింది. నొప్పి ఉన్నా మానలేదు. పాడితేనే తగ్గుతుందని తనకి తాను చెప్పుకునేది. 1987 వేసవిలో దాచేపల్లి వైపు సిమెంటు ఫ్యాక్టరీ కాలనీలో పాడుతూ, రెండో పాట మధ్యలో నోరు తెరిస్తే గాలి తప్ప ఏమీ రాలేదు. వాయించేవాళ్ళు ఆగలేదు. ఆమె మళ్ళీ ప్రయత్నించింది. కీచుమని ఒక చప్పుడు వచ్చింది. ముందు వరసలో పిల్లలు నవ్వారు. ఆమె మైకు పక్కన పెట్టి, స్టేజీ వెనక మెట్లు దిగి, సిమెంటు దుమ్ము పట్టిన చెట్ల మధ్యనుంచి బస్టాండుకి నడిచి వెళ్ళిపోయింది.

గుంటూరులో గొంతు డాక్టరమ్మ అద్దం పెట్టి చూసింది. "గొంతులో తీగల మీద కాయలు కట్టాయమ్మా. ఆపరేషన్ చెయ్యాలి. దానికి ముందు వాపు తగ్గాలి. క్రిస్మస్ అయ్యేదాకా మాట్లాడొద్దు. గుసగుసగా కూడా వద్దు. పాట సంగతి అసలు తలపెట్టకు. ఇప్పుడు పాడావంటే తర్వాత నేను కూడా ఏమీ చెయ్యలేను."

సంతోషకుమారి వేటపాలెం వెళ్ళింది. కూతురు గుమ్మంలో నిలబడి గొంతు చూపించి చెయ్యి అడ్డంగా ఊపితే, ఎలీసమ్మకి అర్థం కావడానికి కాసేపు పట్టింది. ఇన్నేళ్ళ మౌనం ఆ తల్లే ముందు విరిచింది. "రా. అన్నం తిను" అంది. కూతురు జవాబు చెప్పలేకపోయింది. ఆరోజు నుంచి ఆ ఇంట్లో తల్లి మాట్లాడేది, కూతురు పలక మీద రాసేది. ఎలీసమ్మకి చదువు రాదు కాబట్టి పక్కింటి జానీబీ వచ్చి చదివి పెట్టేది. పగలు సంతోషకుమారి కూడా ఫ్యాక్టరీకి వెళ్ళి పప్పు మీద పొట్టు తీసేది. నోరు మూసుకుని చెయ్యగలిగిన పని అది.

ఆ ఏడు పత్తికి తెల్లదోమ పట్టింది. మందు కొడితే చావలేదు. ఇంకా ఎక్కువ కొట్టారు. ఇంకా ఎక్కువైంది. ఆకులు జిగురుపట్టి, నల్లబడి, కాయ విచ్చకముందే చేలు మాడిపోయాయి. చీరాల బస్సుల్లో జనం మాట్లాడుకునేది అదొక్కటే. ఫలానా ఊళ్ళో ఒకతను తాగాడట, ఫలానా ఊళ్ళో ఇద్దరట. ఏం తాగారని ఎవరూ అడిగేవారు కాదు. దోమకి తెచ్చిన మందే.

డిసెంబరులో ఒక మధ్యాహ్నం బాషా ఫ్యాక్టరీ గేటు దగ్గరికి వచ్చాడు. గడ్డం మాసిపోయి ఉంది. ఆమెను చూసి పలకరింపు లేకుండా, "అంకారావు మందు తాగాడమ్మా" అన్నాడు. "గుంటూరు పెద్దాసుపత్రిలో ఉన్నాడు. కళ్ళు తెరవట్లా. వాళ్ళావిడ నిన్ను తీసుకురమ్మంది."

ఆమె చేతులు కడుక్కోకుండానే అతని వెంట నడిచింది.

ఆ వార్డులో మంచాలు చాలక కింద కూడా పడుకోబెట్టారు. అందరూ పత్తి రైతులే. మందు వాసన ఎంత కడిగినా పోకుండా గోడలకి పట్టేసింది. అంకారావు మంచం మీద చేతులు గుడ్డతో కట్టేసి ఉన్నాయి. ముక్కులో గొట్టం. మనిషి సగం అయ్యాడు. తల దగ్గర కూర్చున్న సామ్రాజ్యం, అతని భార్య, లేచి వచ్చి సంతోషకుమారి చెయ్యి పట్టుకుంది. వాళ్ళిద్దరూ అంతకుముందు కలుసుకోలేదు.

"నువ్వే కదా వదినా. మీ అన్న ఎప్పుడూ నీ మాటే చెప్తాడు. చేలో మందు కొడతా కూడా నీ పాటే పాడేవాడు, ఆ ఇంగ్లీషుది." ఆమె గొంతు ఎక్కడా ఆగకుండా సాగింది. "డాక్టరు మాట్లాడుతుండమన్నాడు. నేను మాట్లాడా. వాళ్ళ నాన్న మాట్లాడాడు. వినపట్లా. నువ్వు పాడితే వింటాడు. ఒక్కసారి పాడు వదినా."

బాషా ముందుకొచ్చాడు. "ఆమె పాడకూడదమ్మా. ఆపరేషన్ ఉంది. డాక్టరు…"

"ఒక్కసారే."

సంతోషకుమారి మంచం వైపు చూసింది. కట్టేసిన చేతుల్లో వేళ్ళు సన్నగా వణుకుతున్నాయి. అవి తాళం వేస్తున్నాయేమో అనుకుంది. కాదు. ఆ మందు తాగినవాళ్ళందరికీ అలాగే వణుకుతాయి. పక్క మంచం మీద మనిషికి కూడా వణుకుతున్నాయి. అయినా ఆమె కళ్ళు అక్కడే ఉండిపోయాయి. తను ఆరోజు గోడౌను మెట్లు దిగి రాకపోతే ఈ మనిషి గుంటూరులో లారీ ఆఫీసుకి వెళ్తూ, సాయంత్రాలు డ్రమ్ములు కొట్టుకుంటూ ఉండేవాడు. ఆ లెక్క తప్పో ఒప్పో ఆమెకు తెలియదు. ఆ క్షణంలో ఇంకే లెక్కా తోచలేదు.

ఆమె స్టూలు మీద కూర్చుని, అతని చెవి దగ్గరికి వంగి, పాడింది.

నెలల తరబడి మూసి ఉన్న గొంతు మొదట గాలిలాగే వచ్చింది. రెండో వరసకి స్వరం పట్టుకుంది. అది ఆమె పాత గొంతు కాదు. అంతకంటే కిందది, ఇంకా చిరిగినది. వార్డులో దగ్గులూ మూలుగులూ ఆగలేదు కానీ, మంచాల పక్కన కూర్చున్న ఆడవాళ్ళు ఒక్కొక్కరే లేచి దగ్గరికి వచ్చారు. ఎవరికీ ఆ భాష రాదు. ఒక ముసలామె కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. నర్సు వచ్చి ఆపబోయి, ఆపకుండా గోడకి ఆనుకుని నిలబడింది. చరణం చివర సంతోషకుమారి ఎప్పటిలా ఆగింది. మంచం మీద మనిషి కదల్లేదు. ఆమె మళ్ళీ మొదటినుంచి అందుకుంది.

"చాలమ్మా" అన్నాడు బాషా.

ఆమె వినలేదు. ఆ పాట అయ్యాక ఇంకోటి, అదయ్యాక చర్చిలో వెనక వరసలో పాడిన పాటలు పాడింది. నోట్లో నెత్తురు ఉప్పగా తగిలింది. మింగి పాడింది. మర్నాడు కూడా వచ్చి కూర్చుంది. ఆరోజు సాయంత్రానికి నోరు తెరిస్తే ఏమీ రాలేదు. అంకారావు కళ్ళు తెరవలేదు.

ఆ తర్వాత రెండు రోజులకి తెరిచాడు. ఇంజెక్షన్లు పనిచేశాయని డాక్టర్లు చెప్పారు. పక్క మంచం మనిషి పోయాడు.

జనవరిలో సంతోషకుమారికి ఆపరేషన్ చేశారు. డాక్టరమ్మ తిట్టలేదు. "చెయ్యగలిగింది చేశాను" అంది, ఆమె మొహం చూడకుండా. మందులు, మౌనం అన్నీ అయ్యాక మిగిలింది ఒక గుసగుస. ఎదురుగా కూర్చున్నవాళ్ళకి తప్ప వినపడదు.

ఎండలు ముదిరాక ఆమె అంకారావుని చూడటానికి పర్చూరు మీదుగా వాళ్ళ ఊరు వెళ్ళింది. చేలల్లో ఎండిన పత్తికట్టె పీకి కుప్పలు వేస్తున్నారు. వసారాలో అతని తండ్రి ఆమెను చూసి, ఎవరో ఏ కులమో తెలిసినవాడే కాబట్టి, కూర్చోమనాలా వద్దా అన్నట్టు ఆగిపోయాడు. సామ్రాజ్యం ఆయన్ని దాటుకుని వచ్చి, ఆమె చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్ళి, మంచం పక్కనే పీట వేసింది.

అంకారావు బతికాడు కానీ కాళ్ళు పట్టు తప్పాయి. మందు తాగి బతికినవాళ్ళలో కొందరికి అలా అవుతుందట. గ్లాసు పట్టుకుంటే సగం నీళ్ళు ఒంటిమీద పడుతున్నాయి.

"డాక్టరమ్మ వద్దందంటగా" అన్నాడు ఆమెను చూసి. "ఎందుకు పాడావు?"

ఆమె అతని దగ్గరికి వంగింది. "వినపడిందా?"

అతను అబద్ధం చెప్పబోయాడు. ఆమెకి తెలిసింది. సామ్రాజ్యం గుమ్మంలో నిలబడి అతని వైపే చూస్తోంది.

"లేదు చెల్లెమ్మా" అన్నాడు. "ఏమీ వినపడలా. కళ్ళు తెరిచేసరికి పంకా తిరగతంది. అంతే."

ఆమె తల ఊపింది. అతను మొహం గోడవైపు తిప్పుకున్నాడు. భుజాలు కదిలాయి. సామ్రాజ్యం వచ్చి మంచం పట్టెమీద కూర్చుని, అతని వీపు మీద చెయ్యి వేసి రాస్తూ ఉంది. కాసేపటికి అతనే, అటు తిరిగే, "బతికి నేనేం చెయ్యాలో నాకు తెలవట్లేదమ్మా" అన్నాడు.

అటు తిరిగి పడుకున్న మనిషికి సంతోషకుమారి గుసగుస అందదు. లేచి మంచం చుట్టూ తిరిగి గోడవైపు వెళ్ళి, అతని మొహానికి ఎదురుగా నేలమీద కూర్చుంది. సామ్రాజ్యం అన్నాలు పెట్టేదాకా అలాగే కూర్చుంది. ముగ్గురూ అక్కడే తిన్నారు. అతని ముద్దలు సామ్రాజ్యం కలిపి పెట్టింది.

సాయంత్రం బస్సు రైతులతో కిక్కిరిసి ఉంది. కండక్టరు దూరం నుంచే, "ఎక్కడికమ్మా?" అని అడిగాడు. ఆమె చెప్పింది. అతనికి వినపడలేదు. "కాస్త గట్టిగా చెప్పమ్మా" అన్నాడు విసుగ్గా. ఆమె మళ్ళీ చెప్పింది. ఇంజను మోతలో అది ఆమెకే వినపడలేదు. పక్కన కూర్చున్న పెద్దామె ఆమె పెదాల వైపు చూసి, తలెత్తి అరిచింది.

"వేటపాలెం అంటంది, వేటపాలెం."

కండక్టరు టిక్కెట్టు చింపి, చేతులు మార్పించి వెనక్కి పంపాడు.